చానల్ వదలడానికి ముందు చేతిలో ఏముండాలి?

ప్రశ్న: నమస్కారమండీ. నా వయసు 27. మాది ఖమ్మం జిల్లా. బీటెక్ అయ్యాక కూకట్‌పల్లిలో ఒక తెలుగు గేమింగ్ చానల్‌లో ఎడిటర్‌గా చేరాను. ఒకరోజు ఆట రికార్డు చేస్తూ మా ఊరి యాసలో సరదాగా మాట్లాడితే, అన్న (చానల్ పెట్టినాయనను మేమంతా అలాగే పిలుస్తాం) దాన్నే కొనసాగించమన్నారు. అప్పటినుంచి నేను ‘బాబాయి’ని. ఆటల గురించి ఏమీ తెలియని పల్లెటూరి బాబాయి పెద్ద పెద్ద ఆటలను చూసి చేసే వ్యాఖ్యానం అది. ఇప్పుడు బజారులో జనం గుర్తుపట్టి సెల్ఫీ అడుగుతున్నారు. నెలకు 55 వేలు వస్తాయి. కానీ నాలుగేళ్లుగా అదే గొంతు, అవే మాటలు. వారానికి నాలుగు వీడియోలు చేసి చేసి విసుగొచ్చింది. నాకు సొంతంగా చిన్న యానిమేషన్ కథలు, వాటికి పాటలు చేయాలని ఉంది. ఎనిమిది నెలలకు సరిపడా డబ్బు దాచుకున్నాను. చేరినప్పుడు సంతకం చేసిన అగ్రిమెంట్ కాపీ నా దగ్గర లేదు. మానేశాక రెండేళ్లపాటు ఇంకో చానల్‌లో కనిపించకూడదని అందులో ఉన్నట్లు గుర్తు. బాబాయిని నాతో తీసుకెళ్లవచ్చా? ప్రేక్షకులు నా వెంట వస్తారా? నన్ను నిలబెట్టిన అన్నకు ద్రోహం చేసినట్లవుతుందా? ‘ఉన్న ఉద్యోగం వదిలేసి బొమ్మలేస్తావా’ అని నాన్న కోప్పడుతున్నారు.
— పేరు వద్దన్న పాఠకుడు, హైదరాబాద్

సమాధానం: మీరు చానల్ వదలడం సబబే, అయితే ఈ నెలలో వదలకండి. మీ ఉత్తరాన్ని ఒకటికి రెండుసార్లు చదివాను. బాబాయి మీద మీకున్న విసుగు అందులో స్పష్టంగా ఉంది, అది న్యాయమైనదే. కానీ మీరు చేయాలనుకుంటున్న యానిమేషన్ కథ ఒక్కటైనా ఇప్పటికే పూర్తయిందని ఎక్కడా రాయలేదు. కథ పేరు లేదు, ఎవరికైనా చూపించినట్లు లేదు, ఎంత నిడివో లేదు. ఒక పని వద్దనిపించడం ఇంకో పని చేతనవుతుందనడానికి రుజువు కాదు. ఈ లోటును పూడ్చుకుని బయటికి వస్తే మీ మిగతా ప్రశ్నల బరువు సగం తగ్గుతుంది.

మీకు ఉపయోగపడే ఉదాహరణ ఒకటి అమెరికాలో ఉంది. పాలిగాన్ అనే గేమింగ్ వార్తల సంస్థ వీడియో విభాగంలో బ్రయాన్ డేవిడ్ గిల్బర్ట్ అనే యువకుడు 2017లో చేరి, ‘అన్‌రావెల్డ్’ అనే ధారావాహికతో ఆ చానల్‌కు ముఖంగా మారారు. స్కైరిమ్ అనే ఆటలో అక్కడక్కడా దొరికే 337 పుస్తకాలనూ చదివి వాటి మీద పండితోపన్యాసం ఇవ్వడం వంటి వింత పరిశోధనలు ఆయనవి. 2020 డిసెంబరులో, ఆ ధారావాహిక మంచి ఆదరణలో ఉండగానే, ఆయన ఉద్యోగం మానేసి సొంత వీడియోలు, పాటలు, కొంత భయం కొంత హాస్యం కలిసిన చిన్న కథల వైపు వెళ్లారు. ఆయన విషయంలో చాలామంది గమనించనిది ఏమిటంటే, ఉద్యోగంలో ఉన్నప్పుడే ఆయన తన సొంత చానల్‌లో పాటలు, చిన్న వీడియోలు పెడుతూ వచ్చారు. కాబట్టి ఆయన వెళ్లిపోతున్నానని చెప్పిననాడు, ఎక్కడికి వెళ్తున్నారో ప్రేక్షకులకు అప్పటికే తెలుసు. పైగా ఆయన పాత పని కూడా రాసుకుని, నటించి, కూర్చి చేసినదే గనుక కొత్త పనికి దగ్గరగా ఉండేది. మీ విషయంలో ఆ దూరం ఎక్కువ. గేమింగ్ వీడియోలో సగం సరుకును ఆటే సమకూరుస్తుంది. తెర మీద ఏదో ఒకటి జరుగుతూనే ఉంటుంది, మీరు దానికి స్పందిస్తే సరిపోతుంది. సొంత కథలో మీరు పెట్టనిది ఏదీ ఉండదు.

దీనికి తోడు యానిమేషన్ లెక్క ఒకటుంది. సెకనుకు 24 ఫ్రేములు, ఒక్కో బొమ్మను రెండేసి ఫ్రేములకు నిలిపినా సెకనుకు 12 బొమ్మలు, అంటే నిమిషానికి 720. కంప్యూటర్‌లో కీళ్ల బొమ్మలు తయారుచేసుకుని కదిలిస్తే ఈ శ్రమ బాగా తగ్గుతుంది గానీ, వారానికి నాలుగు వీడియోల అలవాటుతో మీరు ఈ పనిలోకి దిగితే మొదటి నెలలోనే మీ మీద మీకు కోపం వస్తుంది. ఎనిమిది నెలల పొదుపు అంటే మీకు ఎక్కువ కాలంలా కనిపిస్తోంది. ఒంటరిగా పనిచేసే యానిమేటర్‌కు అది నాలుగైదు చిన్న కథల కాలం మాత్రమే కావచ్చు. అందుకే ఉద్యోగంలో ఉండగా మూడు నిమిషాల కథ ఒకటి, పాటతో సహా, చివరి ఫ్రేము వరకు పూర్తి చేయండి. అది గొప్పగా ఉండకపోయినా ఫరవాలేదు. ఎన్ని రోజులు పట్టిందో, ఎక్కడ ఆగిపోయారో, ఎంత ఖర్చయిందో తెలిస్తే, మీరు దాచుకున్న డబ్బు ఎన్ని కథలకు సరిపోతుందో అంచనా కాకుండా లెక్కగా తెలుస్తుంది.

ఇక్కడే మీ అగ్రిమెంట్ అడ్డు వస్తుంది. అందువల్ల ముందు దాని కాపీ సంపాదించండి. సంతకం చేసిన కాగితం కాపీ అడగడం మీ హక్కు, అందులో అమర్యాద ఏమీ లేదు. ఒక మెయిల్ పెట్టి అడగండి, నోటిమాటగా వదలకండి. అందులో మూడు విషయాలు వెతకాలి. ఉద్యోగంలో ఉండగా బయటి పని చేయవచ్చా, మీరు సృష్టించినది ఎవరికి చెందుతుంది, నోటీసు ఎన్ని రోజులు. బయటి పని నిషేధమని ఉంటే, గేమింగ్‌తో సంబంధం లేని యానిమేషన్ కథ చేసుకోవడానికి అనుమతిని రాతపూర్వకంగా తీసుకోండి. ఉద్యోగ కాలంలో పెట్టే ఇటువంటి ఆంక్షలను కోర్టులు సాధారణంగా సమర్థిస్తాయి కనుక దాన్ని తేలిగ్గా తీసుకోకూడదు. అనుమతి వచ్చాక కూడా ఆఫీసు కంప్యూటర్, ఆఫీసు సాఫ్ట్‌వేర్, ఆఫీసు సమయం వాడవద్దు. వాడితే ఆ కథ మీద కూడా చానల్‌కు హక్కు ఉందని రేపు ఎవరైనా వాదించడానికి మీరే ఆధారం ఇచ్చినట్లవుతుంది.

మిమ్మల్ని ఎక్కువగా భయపెడుతున్న రెండేళ్ల షరతు మాత్రం మీరనుకున్నంత బలమైనది కాదు. ఎవరినైనా న్యాయబద్ధమైన వృత్తి చేసుకోకుండా అడ్డుకునే ఒప్పందం ఆ మేరకు చెల్లదని 1872 నాటి భారత ఒప్పందాల చట్టం 27వ సెక్షన్ చెబుతోంది. క్రికెటర్ జహీర్ ఖాన్ వ్యవహారాలు చూసిన పర్సెప్ట్ డీమార్క్ అనే సంస్థ, గడువు ముగిశాక కూడా ఆయన వేరొకరితో ఒప్పందం చేసుకునే ముందు తమకు అవకాశం ఇవ్వాలన్న షరతును పట్టుకుని కోర్టుకెక్కితే, 2006లో సుప్రీంకోర్టు ఈ సెక్షన్ ఆధారంగానే ఆ షరతును అమలుచేయడానికి నిరాకరించింది. కాబట్టి మానేశాక మీరు ఇంకెక్కడా కనిపించకూడదనే షరతు నిలబడటం కష్టం. అయితే చానల్ రహస్యాలు, స్పాన్సర్ల వివరాలు, ఫైళ్లు, పాస్‌వర్డ్‌ల విషయంలో మీ బాధ్యత ఉద్యోగంతో పాటు ముగిసిపోదు. నేను న్యాయవాదిని కాను. కాపీ చేతికి రాగానే మేధోసంపత్తి వ్యవహారాలు తెలిసిన అడ్వకేట్‌కు ఫీజు ఇచ్చి ఒక గంట చూపించండి. ఆ ఖర్చును పొదుపులోంచి తీయడానికి వెనకాడకండి.

బాబాయి సంగతి దీనికంటే చిక్కైనది. కాపీరైట్ చట్టం, 1957లోని 17వ సెక్షన్ ప్రకారం, వేరే ఒప్పందం లేనప్పుడు ఉద్యోగి తన ఉద్యోగంలో భాగంగా చేసిన రచనకు మొదటి యజమాని సంస్థే అవుతుంది. మీరు ఉద్యోగా, లేక కాంట్రాక్టు మీద సేవలందించే వ్యక్తా అన్నది అందువల్ల ముఖ్యం. చాలా చానళ్లలో ‘జీతం’ అని నోటితో అంటారు గానీ పుస్తకాల్లో వృత్తి సేవల రుసుముగా రాస్తారు. మీ ఆదాయపు పన్ను పోర్టల్‌లో 26ఏఎస్ (మీ పేరున కోసిన పన్ను వివరాల పత్రం) తెరిచి, మీ డబ్బును జీతంగా చూపారా, వృత్తి రుసుముగా చూపారా అన్నది చూడండి. పీఎఫ్ కట్టారా అన్నది వేరుగా చూసుకోండి. రుసుముగా చూపినంత మాత్రాన బాబాయి మీవాడైపోడు. కానీ సంస్థకు హక్కులు బదిలీ చేసినట్లు రాతపూర్వక పత్రం ఉందా, అందులో కాలపరిమితి ఉందా అన్న ప్రశ్న అప్పుడు తలెత్తుతుంది. బదిలీ పత్రంలో గడువు రాయకపోతే దాన్ని 5 ఏళ్లుగానే భావించాలని అదే చట్టంలోని 19వ సెక్షన్ అంటోంది. పూర్తయిన వీడియోలు ఎలాగూ చానల్‌వే. హక్కులు ఎవరివైనా, వాటిని చేసింది మీరేనని చెప్పుకునే హక్కు 57వ సెక్షన్ వల్ల రచయితగా, 38బి వల్ల ప్రదర్శకుడిగా మీకు మిగులుతుంది. ఆ హక్కును మాత్రం వదులుకోకండి.

ఇంత చెప్పినా, న్యాయవాది బాబాయి మీవాడేనని తేల్చినా సరే, ఆయన్ను అక్కడే వదిలి రమ్మని నా సలహా. దీనికి చట్టంతో పనిలేదు. మీరు పారిపోవాలనుకుంటున్నదే ఆ వేషం నుంచి. బయటికొచ్చాక డబ్బు అవసరమైన మొదటి నెలలోనే మళ్లీ బాబాయి వేషం కట్టి, మళ్లీ అదే యాసలో అవే మాటలు మాట్లాడి, ఈసారి ఎడిటింగ్, థంబ్‌నెయిల్, స్పాన్సర్ల ఫోన్లు కూడా మీరే చూసుకుంటూ కూర్చుంటారు. పేరు పోతే అంతా పోయినట్లేనని భయపడేవారు ఆటల విమర్శకుడు యాట్జీ క్రోషా అనుభవం చూడాలి. ‘జీరో పంక్చుయేషన్’ అనే ఆయన వీడియో సమీక్షలు 2007 నుంచి ది ఎస్కేపిస్ట్ అనే సంస్థలో వచ్చేవి. 2023 నవంబరులో యాజమాన్యం సంపాదకుడు నిక్ కలాండ్రాను తొలగిస్తే, క్రోషాతో సహా వీడియో బృందమంతా రాజీనామా చేసి వెంటనే ‘సెకండ్ విండ్’ పేరుతో సొంత చానల్ పెట్టుకుంది. పదహారేళ్లు మోసిన పేరు అప్పట్లో సంస్థ దగ్గరే ఉండిపోయింది. క్రోషా ‘ఫుల్లీ రాంబ్లోమాటిక్’ అని కొత్త పేరు పెట్టుకుని, ఊపిరి తీసుకోకుండా మాట్లాడే ఆ ధోరణినీ, ఆ వెటకారాన్నీ యథాతథంగా కొనసాగించారు. ప్రేక్షకులు గుర్తుపట్టింది ఆ ధోరణినే.

అయితే ఆయన చేసింది అదే తరహా సమీక్ష, ఆయనతో పాటు బృందమంతా కదిలింది. మీరు ఒక్కరే కదులుతున్నారు, తరహా కూడా మార్చుకుంటున్నారు. కాబట్టి ప్రేక్షకులు వెంట వస్తారా అన్న ప్రశ్నకు నా జవాబు మీకు నచ్చకపోవచ్చు. అధికశాతం రారు. సాయంత్రం అన్నం తింటూ బాబాయి వీడియో పెట్టుకునే మనిషికి మీ మీద ద్వేషం ఉండదు, కానీ ఆయనకు కావలసింది ఆ అరగంట కాలక్షేపం. సెల్ఫీ అడిగినవారిని మీ యానిమేషన్‌కు ప్రేక్షకులుగా లెక్కపెట్టవద్దు. వచ్చే కొద్దిమంది మాత్రం నిజంగా మీ కోసం వచ్చినవారవుతారు. వాళ్లు మీ మాటలోని పల్లె పలుకుబడిని, మనుషులను గమనించే తీరును ఇష్టపడినవారు. కథల్లో ఆ పలుకుబడిని వదులుకోకండి. బాబాయి పేరు చానల్‌ది కావచ్చు గానీ ఖమ్మం యాస మీద ఎవరికీ కాపీరైట్ లేదు.

డబ్బు విషయానికి వస్తే, మొదటి ఏడాది యూట్యూబ్ ప్రకటనల మీద ఆధారపడి బతకగలనని అనుకోవద్దు. కొత్త చానల్‌కు ప్రకటనల వాటా రావాలంటే 1,000 మంది సబ్‌స్క్రైబర్లు, దానితో పాటు ఏడాదిలో 4,000 గంటల వీక్షణ గానీ 90 రోజుల్లో కోటి షార్ట్స్ వీక్షణలు గానీ ఉండాలి. ఆ పైన పెద్ద వీడియోల ప్రకటనల్లో 55 శాతం, షార్ట్స్‌లో 45 శాతం మీ వాటా. నెలకో కథ పెట్టేవారికి ఈ లెక్క నెమ్మదిగా కదులుతుంది. మీ కథలను డల్లాస్‌లోనో న్యూజెర్సీలోనో ఉన్న తెలుగువారు చూస్తే ప్రకటనల రేటు మెరుగ్గా ఉంటుంది. అయితే అమెరికా వీక్షణల ఆదాయం మీద అక్కడి పన్ను పడుతుంది. గూగుల్ అడిగే పన్ను పత్రం నింపి భారత్–అమెరికా ఒప్పందాన్ని చూపితే ఆ భాగం మీద 15 శాతం పోతుంది. పత్రమే నింపకపోతే మొత్తం ఆదాయంలో 24 శాతం వరకు కోత పెట్టవచ్చు. ఇన్నాళ్లూ ఇవన్నీ అన్న చూసుకున్నారు గనుక మీకు కనిపించలేదు. అసలు రాబడి మాత్రం మొదట్లో ఇతరులకు చేసే ఎడిటింగ్, డబ్బింగ్ పనుల నుంచి వస్తుంది. అందుకు సిగ్గుపడనక్కర్లేదు. నెలలో సగం రోజులు ఆ పని, సగం రోజులు మీ పని అని గట్టిగా గీత గీసుకుంటే ఎనిమిది నెలల పొదుపు ఇంకా చాలా దూరం వస్తుంది.

ఒక హెచ్చరిక. గేమింగ్ ముఖంగా మీకున్న గుర్తింపును చూసి మొదట తలుపు తట్టేది రమ్మీ, బెట్టింగ్ యాప్‌ల వాళ్లే కావచ్చు. డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలను తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో నిషేధించాయి. 2025 ఆగస్టులో పార్లమెంటు చేసిన చట్టం దేశమంతటా వాటిని, వాటి ప్రకటనలను కూడా నిషేధించి, ప్రకటన చేసేవారికి రెండేళ్ల వరకు జైలు, 50 లక్షల వరకు జరిమానా పెట్టింది. ఇంతకుముందు సంతకం చానల్‌ది, ఇక మీది. వాళ్ల మెయిల్ వస్తే జవాబు కూడా ఇవ్వకండి.

నాన్నగారితో వాదించవద్దు. ఆయన కోపంలో న్యాయం ఉంది. కానీ ‘ఉన్న ఉద్యోగం’ అని ఆయన అంటున్నది కూడా అంత గట్టి నేల మీద లేదని మాత్రం వివరించండి. 2020 సెప్టెంబరులో పబ్‌జీ మొబైల్‌ను నిషేధించారు. దాని స్థానంలో 2021 జులైలో దాని భారతీయ రూపం బీజీఎంఐ వచ్చింది, 2022 జులైలో అదీ యాప్ స్టోర్లలోంచి మాయమై, 2023 మే నెలలో తిరిగొచ్చింది. ఒకే ఆట మీద బతికిన చానళ్లు ఆ మూడేళ్లలో ఎంత గిలగిలలాడాయో మీకు నాకంటే బాగా తెలుసు. అమెరికాలో 2003 నుంచి నడిచిన రూస్టర్ టీత్ అనే పేరున్న వీడియోల సంస్థ 2024 మార్చిలో మూసివేత ప్రకటించింది. గిల్బర్ట్ వదిలి వచ్చిన పాలిగాన్‌ను 2025 మే నెలలో దాని యజమాని వాక్స్ మీడియా అమ్మేసింది, అక్కడ చాలామంది ఉద్యోగాలు పోయాయి. దీన్నిబట్టి సొంత పని భద్రమైనదని చెప్పలేం. కానీ నాన్నగారికి కావలసింది వాదన కాదు, గడువు. పొదుపులో మూడు నెలల ఖర్చు మిగిలినప్పుడు మళ్లీ ఉద్యోగం వెతుక్కుంటానని తేదీ రాసి ఇవ్వండి, దానికి కట్టుబడండి. మీ చేతిలో ఎడిటింగ్ విద్య ఉంది, హైదరాబాద్‌లో దానికి పని దొరుకుతుంది.

చివరికి అన్న దగ్గరికి వద్దాం. ద్రోహం అన్న మాట మీరు ఎందుకు వాడారో అర్థమవుతోంది. మీలోని బాబాయిని మొదట గుర్తించినది ఆయనే. ఆ కృతజ్ఞత ఉంచుకోండి. అయితే మీరు వెళ్తే చానల్ కూలిపోతుందన్న భయం మీకుంటే, అందులో కొంచెం మీ గురించి మీకున్న గొప్ప కూడా కలిసి ఉంది. గేమ్ గ్రంప్స్ అనే అమెరికన్ చానల్‌ను 2012లో మొదలుపెట్టిన ఇద్దరిలో ఒకరైన జాన్ జఫారీ ఏడాది కూడా తిరక్కుండానే, 2013లో, తన సొంత కార్యక్రమం కోసం వెళ్లిపోయారు. ఆయన స్థానంలో డాన్ ఆవిడాన్ వచ్చారు, అభిమానులు కొన్నాళ్లు గొడవ చేశారు, చానల్ మాత్రం ఇన్నేళ్లుగా నడుస్తూనే ఉంది. మీ అన్న కూడా ఇంకొకరిని వెతుక్కుంటారు. ఆయనకు నష్టం జరిగేది మీరు వెళ్లడం వల్ల కాదు, చెప్పకుండా వెళ్లడం వల్ల, లేదా ఆ సంగతి ఆయనకు ఆఫీసులో వేరెవరి నోటో తెలియడం వల్ల. అందుకని మీ కథ పూర్తయ్యాక, బృందంలో ఎవరికీ చెప్పకముందే, ఆయనతో ఒంటరిగా కూర్చుని మాట్లాడండి. నోటీసు కాలం పూర్తిగా పనిచేస్తానని, కొత్త వ్యక్తికి పని నేర్పుతానని, బాబాయి పేరు వాడుకోనని మీరే ముందుగా చెప్పండి. మీరు అడగవలసినవి పాత వీడియోల్లో మీ పేరు ఉంచడం, కొన్నింటిని మీ పనికి నమూనాలుగా చూపించుకునే అనుమతి, బాకీ ఉన్న డబ్బు, రిలీవింగ్ లెటర్. మాట్లాడుకున్నదంతా అదే సాయంత్రం మెయిల్‌లో పెట్టండి. ఆయన మంచివారైతే ఆ మెయిల్ వల్ల బంధం చెడదు.

ప్రేక్షకులకు వీడ్కోలు వీడియోను చానల్‌లోనే, ఆయన అంగీకారంతో, వేషం లేకుండా మీ సొంత గొంతుతో చేయండి. రెండు మూడు నిమిషాలు చాలు. ఆఫీసు సంగతులు, జీతం సంగతులు, ఎవరి మీదా ఫిర్యాదులు అందులో వద్దు. వెళ్లినవారి వీడియోల కింద కామెంట్లలో జనం కారణాలు కల్పించుకుంటారు. వాటికి జవాబులు ఇవ్వడం మొదలుపెడితే మీ కొత్త చానల్‌లో మొదటి ఆరు నెలలూ పాత చానల్ గురించే మాట్లాడవలసి వస్తుంది. మీ చానల్ లింకును కింద ఇవ్వడానికి అన్న ఒప్పుకుంటే ఇవ్వండి. ఆ లింకు నొక్కి వచ్చిన మనిషికి ఆ రోజే చూడటానికి మీ మూడు నిమిషాల కథ అక్కడ ఉండాలి. ‘త్వరలో’ అని రాసిన బొమ్మ ఒక్కటే కనిపిస్తే, ఆయన మళ్లీ రాడు.